అడ్డం పడే నౌకరి

అతని పేరు అడగలేదు, మాట మాత్రం మరిచిపోలేదు. మెదక్ బస్టాండులో హైదరాబాద్ బస్సెక్కితే అవతలి సీటులో ఉన్నాడు. ముప్పై అయిదేళ్లుంటాయి. కుడి కాలు చాపుతాడు, ముడుస్తాడు, లేచి నిలబడతాడు, మళ్లీ కూర్చుంటాడు.

“ఏమైంది బిడ్డా, గంత పరేషాన్ అయితున్నవ్?” అన్నాను.

“మోకాలు, పెద్దమ్మా. ఫౌజ్ టీంల హాకీ ఆడ్త. లడఖ్‌ల, మంచుగడ్డ మీద.”

“గడ్డ మీదనా? జారి పడరా?”

“పడుడే నా నౌకరి,” అని నవ్వాడు. “గోల్ కొట్టేటోళ్లు వేరే. నేను అడ్డం పడి ఆపెటోన్ని. పన్నెండేండ్ల సంది గదే పని. రేపు పట్నంల డాక్టర్ చూస్తడు. కాలు మంచిగుందంటే ఈ చలికాలం ఆడ్త. లేదంటే ఆట బంద్.”

ఊరు దాటాక డ్రైవర్ గట్టిగా బ్రేకు వేశాడు. వెనకనుంచి నిండు పాలక్యాను ఒకటి నా పాదాల మీదికి జారుకుంటూ వచ్చింది. అతను కుడి కాలు అడ్డం పెట్టి ఆపాడు. నొప్పికి కళ్లు మూసుకున్నాడు.

“నొస్తున్న కాలే పెడ్తవా? ఇంకోటి లేదా?” అని కోప్పడ్డాను.

“ఏ కాలు పెట్టాల్నని సోంచాయిస్తే గోల్ అయితది గద పెద్దమ్మా!”

నర్సాపూర్‌లో బస్సు ఆగితే దిగి, బస్సు పక్కనే పది అడుగులు అటూ ఇటూ నడిచాడు. నా కిటికీ దగ్గరికి వచ్చి, “నిజం చెప్పు పెద్దమ్మా, కుంటుతున్ననా?” అన్నాడు.

కుంటుతున్నాడు.

“లేదు బిడ్డా,” అన్నాను.

అతని ముఖం విప్పారింది. మళ్లీ ఎక్కి కూర్చున్నాడు, బస్సు కదిలింది. నిజం చెప్పవలసిందేమోనని ఏటా చలి మొదలవగానే అనిపిస్తుంది.