సున్నం రాయని గడప

బస్తర్ ఇంకా రాజుగారి సంస్థానంగా ఉన్న రోజుల్లో, ఆవపల్లి దగ్గర మా ఊరి చివర మద్రాసు సినిమావాళ్లు ఒక ఇల్లు కట్టారు. కట్టించినాయనను అందరం సెట్టింగులాయన అనేవాళ్లం. ముందు గోడ, పక్క గోడలు, పైన గడ్డి. వెనక ఏమీ లేదు. అంత టేకు, అంత వెదురు పెట్టి వెనక గోడ మానేయడం ఏం పొదుపో నాకు అర్థం కాలేదు.

గోడలు అలకడానికి నన్ను పిలిచారు. నాకప్పుడు తొలిచూలు. నున్నగా అలికాను. ఆరగానే ఆయన మసినీళ్లు చల్లి దాన్ని పాతగోడ చేసేశాడు. ఒళ్లు మండింది. అయినా అలికిన ఇంటి గడపను బోసిగా వదిలిరావడం మాకు అలవాటు లేదు. పసుపు తెచ్చి గడపకు పూసి, కుంకుమ బొట్లు పెట్టాను.

ఆయన మురిసిపోయాడు. "ఇప్పుడు ఇల్లనిపిస్తోందమ్మా! రేపు తగలబడుతుంటే ఎంత బాగుంటుందో!"

కాల్చడానికే కట్టారని అప్పటిదాకా ఎవరూ చెప్పలేదు.

విని మా అత్త కొంగు బిగించి వచ్చింది. "ఏందయ్యా, కడుపుతోనున్న పిల్ల పసుపు పెట్టిన గడపను కాలుస్తవా? పుట్టేటోనికి తగలదా?"

"అది ఇల్లు కాదు పెద్దమ్మా. వెనక గోడే లేదు."

"గోడ లేకుంటేంది? గడప ఉన్నది గద! పోయి మద్రాసుల నీ ఇంటి గడప కాల్చుకో!"

"మా ఆవిడ ఊరుకోదు," అన్నాడాయన. కూలీలు నవ్వారు. నేను కడుపు మీంచి చెయ్యి తీయలేదు.

చివరికి ఆయనే తగ్గాడు. గడప ఊడదీసి ఇస్తానని, ఆ చోట ఇంకో చెక్కకు పసుపుపచ్చ రంగు వేసి పెడతానని అన్నాడు. రంగుకు దోషం లేదని అత్త ఒప్పుకుంది.

మర్నాడు వెళ్లేసరికి ఒక చెక్క గుమ్మంలో ఉంది, ఒకటి చెట్టుకు ఆనించి ఉంది. నా వేళ్ల జాడలు, కారిన బొట్టు చార కూడా అచ్చం దించేశాడు మహానుభావుడు. ఏది నాదో నాకే తెలియలేదు. గడ్డి మీద అప్పటికే కిరసనాయిలు చల్లారు; పసుపు వాసన చూద్దామన్నా ముక్కుకు అందలేదు.

"ఇదే మీది, తీసుకుపొండి," అన్నాడొక కూలీ, తనకూ తెలియనట్టే చూస్తూ. ఇంతలో నిప్పు పెట్టారు.

చెట్టుకు ఆనించిన చెక్కను ఇంటికి మోసుకొచ్చాక అత్త ఆకువక్కల సంచిలోంచి సున్నపుకాయ తీసింది. పసుపైతే సున్నానికి ఎర్రబడుతుంది, రంగైతే పడదు.

"రాసి చూద్దామా?"

"ఎర్రబడకపోతే, అత్తా?"

ఆమె కాయ మూత పెట్టేసింది.

నెలలు నిండేదాకా నాకు ముద్ద సహించలేదు. పిల్లవాడు పుట్టి కేరుమన్నాక, "ఇగ రాద్దామే," అంది అత్త. వద్దన్నాను.

మంచి టేకు; పారేయడానికి చెయ్యి రాక పశువుల కొట్టానికి గడపగా వేయించాను. దాని పచ్చ ఎప్పుడో వెలిసిపోయింది. కొట్టానికి వెల్ల వేసినప్పుడల్లా మాత్రం, సున్నం చుక్క పడకుండా దానిమీద గోనెపట్టా కప్పిస్తాను.