ఆబ్దారు గ్లాసు

మా నాన్న ఆబ్దారు. ఈ మాట అంటే ఇప్పుడు ఎవరికీ ఏమీ అర్థం కాదు. అప్పట్లోనూ అంతంత మాత్రమే. మేము ఈ హిందీ ఊరికి వలసొచ్చి భుయ్యాడీహ్‌లో కొత్తగా దిగినప్పుడు సందులో సగం మంది ఆయన్ని అబ్కారీ శాఖ మనిషనుకున్నారట. ఇంట్లో కాచుకున్న సరుకంతా మంచాల కింద దాచి, వారం పాటు మా గుమ్మం వంక తొంగిచూసి మరీ బయటికి వెళ్ళేవారట. ఆ సంగతి చెప్పినప్పుడల్లా నాన్నకు నవ్వు ఆగేది కాదు.

నిజానికి ఆయన చేసేది చిన్న పని. ఊళ్ళో ఆఫీసర్ల క్లబ్బులో బారు కౌంటరు వెనక నిలబడి మందు పోసేవాడు. ఇప్పటి మాటలో బార్‌టెండర్. ఆ క్లబ్బు పాత కలకత్తా క్లబ్బుల మర్యాదలు పుణికి పుచ్చుకున్నది కనుక, కౌంటరు వెనక మనిషిని ఆబ్దార్ అనే పిలిచేది. మెంబర్లు ఆయన్ని పేరుతో పిలిచింది లేదు. "ఆబ్దార్!" అంటే నాన్న తల తిప్పేవాడు. చివరికి ఇంట్లో అమ్మ కేకేసినా ఒకంతట పలికేవాడు కాదు. "నన్ను కూడా ఆబ్దారనే పిలవమంటావేటి?" అని అమ్మ విసుక్కునేది.

మందు పోసేవాడికి మనవాళ్ళ దగ్గర ఉన్న మాటలేవీ మర్యాదగా ఉండవు. కల్లు పాకవాడు అంటారు, సారా కొట్టువాడు అంటారు. హిందీవాళ్ళ మాటలూ అలాంటివే. ఉర్దూ పాటల్లో మధువు పోసే అందగత్తెను పిలిచే సాకీ అని ఒక సొగసైన మాట ఉంది కానీ, దాన్ని మా అమ్మ ముందు అంటే చీపురు తిరగేసేది. ఆబ్దారు మాత్రం అలాంటి మాట కాదు. ఫారసీలో ఆబ్ అంటే నీళ్ళు. దార్ అంటే ఉంచుకునేవాడు. హవల్దారులో, జమీందారులో ఉన్న దారే. ఐసు దొరకని కాలంలో దొరల బంగళాల్లో తాగే నీళ్ళ కూజాలను సురేకారం కలిపిన తొట్టిలో పెట్టి చల్లబరచడానికి ఒక నౌకరు ఉండేవాడు. వాడు ఆబ్దారు. నీళ్ళు చల్లబరిచే చేతికే తర్వాత సోడా అప్పగించారు, ఆ పైన సీసాలూ అప్పగించారు. పని మారిపోయినా పేరు నీళ్ళదే మిగిలింది. నాన్నకు ముందు ఆ కౌంటరు దగ్గర ఉన్న ముసలాయన ఇదంతా చెప్పాడట. నాన్న దాన్ని ఆస్తిలా దాచుకున్నాడు. ఎవరైనా వెటకారంగా "మందు పోత్తావటగా" అంటే, "మందు ఆల్లది, నీళ్ళు నాయి" అనేవాడు.

నా పెళ్ళి మాటల్లో అమ్మ కూడా ఆ ముక్కే వాడుకుంది. "క్లబ్బులో నీళ్ళ పని" అని మగపెళ్ళివారికి చెప్పింది. పెళ్ళయ్యాక చాలాకాలం మా మామగారు వాళ్ళింట్లో కుళాయి కారినప్పుడల్లా మా నాన్నకు కబురు పెట్టేవారు. నాన్న వెళ్ళి, కుళాయికి గుడ్డ చుట్టి, కాఫీ తాగి వచ్చేవాడు.

ఈ మధ్య నా కూతురు ఫోనులో ఆ మాట వెతికింది. మెరుపున్న ముత్యాన్నీ, పదునైన కత్తినీ కూడా ఆబ్‌దార్ అంటారట. "తాతా, ఆప్ తో చమక్‌దార్ నికలే!" అంది. తాతా, మీరు మెరుపున్న మనిషన్నమాట, అని. తాత తెలుగులో అడిగినా అది హిందీలోనే జవాబు చెబుతుంది. నాన్న మంచం మీదనుంచే మీసం దువ్వుకున్నాడు. "ఈ ముక్క మీ అమ్మమ్మ బతికున్నప్పుడు ఎవులూ సెప్పలేదు. సెప్పుంటే నాకు రెండో కూర దొరికీది" అన్నాడు.

చిన్నప్పుడు బడి ఉన్న రోజుల్లో నాకూ నాన్నకూ కలిసి దొరికిన కాలం ఒక గ్లాసు నీళ్ళంత. నేను బడినుంచి వచ్చేసరికి ఆయన తెల్ల చొక్కా తొడుక్కుని క్లబ్బుకు బయల్దేరుతూ ఉండేవాడు. తిరిగొచ్చేసరికి నేను నిద్రపోయేదాన్ని. పొద్దున నేను వెళ్ళేటప్పుడు ఆయన నిద్రలో ఉండేవాడు. మధ్యలో ఆ కాసేపే. గుమ్మంలో నిలబడి, గాజు గ్లాసును వెలుతురుకు ఎత్తి చూసి, మరక లేదని తేల్చుకుని, కుండలో నీళ్ళు ముంచి ఇచ్చేవాడు. "తాగీమ్మా" అనేవాడు. నేను తాగినంతసేపూ పలకరించేవాడు కాదు, కదిలేవాడు కాదు. ఖాళీ గ్లాసు చేతిలోకి తీసుకున్నాక సైకిలెక్కేవాడు. నేను కావాలని చప్పరించి చప్పరించి తాగేదాన్ని. ఆలస్యమవుతున్నా ఆయన ఒక్కసారి కూడా "కానీ" అనలేదు. ఇప్పుడు ఆదిత్యపూర్‌లో ఆఫీసు పని ముగించుకుని, ఆటోలో ఖర్కాయి నది దాటి ఇంటికి వస్తుంటే నాకు ఆకలి తెలియదు, ఆ గ్లాసే గుర్తొస్తుంది.

మెంబర్ల కబుర్లు ఇంటికి మోసుకొచ్చే అలవాటు నాన్నకు లేదు. పని గురించి మాత్రం, నాకు బడి లేని ఆదివారాలు చెప్పేవాడు. క్లబ్బుకు ఐసు దిమ్మ జుగ్సలాయి బజారు నుంచి గోనెసంచీలో రంపపు పొట్టు కప్పుకుని ఎలా వచ్చేదో, దాన్ని ఎటునుంచి కొడితే ముక్కలు శుభ్రంగా రాలతాయో చెప్పేవాడు. అన్నిటికంటే ఆయనకు గొప్పగా ఉండేది చలువ గ్లాసు. మెంబరు ఎక్కువ తాగేస్తున్నాడనుకోండి. చాలు సార్ అనకూడదు. అది ఆబ్దారు నోట రాకూడని మాట. చాలు అన్నది తాగేవాడే అనాలి. అలాగని పోస్తూ పోతే ఆయన ఇల్లు చేరేదెలా? అందుకని పెద్ద గ్లాసు తీసి, అంచుదాకా ఐసు నింపి, పైన నీళ్ళు పోసి, మందు చుక్క మాత్రం అంచుకు తగిలించి ఇచ్చేవాడు. చూడ్డానికి నిండు గ్లాసు, ముక్కుకు మందు వాసన, కడుపులోకి పోయేది చల్లటి నీళ్ళు. "ఆ సలవ గ్లాసు తాగి ఎందరు పరువుగా ఇంటికి పోనారో తల్లీ. ఒక్కడికీ తెలీదు" అని మురిసిపోయేవాడు.

దానికి ఒక మినహాయింపు ఉండేది. బదిలీ అయ్యో, రిటైరయ్యో ఊరు విడిచిపోయే మెంబరు ఆఖరి సాయంత్రం వస్తే ఆ రోజు చలువ గ్లాసు లేదు. ఐసు అడ్డం లేకుండా నిండుగా పోయాలి. రేపు రాబోయేవాడి కోసమే కొలత. వెళ్ళిపోయేవాడికి కొలత పెట్టకూడదు. కౌంటరు మీదికి ఐసు లేని నిండు గ్లాసు వచ్చిందంటే, ఆ మనిషి ఊరు వదుల్తున్నాడని పక్కవాళ్ళకు చెప్పకుండానే తెలిసిపోయేదట. లేచి వచ్చి భుజం తట్టేవారట.

రిటైరయ్యాక చాలా ఏళ్ళు బాగానే ఉన్నాడు నాన్న. అమ్మ పోయాక నా దగ్గరికి వచ్చాడు. మావారు కాంట్రాక్టు పనుల మీద ఊళ్ళు తిరుగుతుంటారు కనుక ఇంట్లో మేము ముగ్గురమే. మొన్న వానాకాలం తర్వాత ఆయన కాళ్ళు వాచాయి. గుండె పెద్దదయింది, ఒంట్లో నీరు నిలుస్తోంది అన్నాడు డాక్టరు. మాత్రలు రాశాడు, ఉప్పు ఆపమన్నాడు. ఆ తర్వాత అసలు మాట చెప్పాడు. నీళ్ళు తగ్గించాలి. పొద్దున ఒక చిన్న సీసా నింపి పెడితే రాత్రికి అదే సరిపోవాలి. మందులూ, టీ, మజ్జిగా అన్నీ అందులో భాగమే.

ఇంటికి వస్తూ ఆటోలో నాన్న నవ్వాడు. "నీళ్ళకి కాపలా ఉన్నాను గదా, అయ్యి నన్నొగ్గలేదు సూసినావా?" అన్నాడు. నాకు నవ్వు రాలేదు.

దాహం అంత చెడ్డదని నాకు తెలియదు. అన్నం లేకపోతే మనిషి అలుగుతాడు, నీళ్ళు లేకపోతే దొంగ అవుతాడు. స్నానం చేస్తూ తడి తువ్వాలు నోట్లో పెట్టుకునేవాడు. తులసికుండీకి నీళ్ళు పోస్తానని చెంబు పట్టుకుని పెరట్లోకి వెళ్ళేవాడు. నేను వెనకే వెళ్ళి చెంబు లాక్కునేదాన్ని. "ఒక్క సుక్కమ్మా" అనేవాడు. "సుక్కా లేదు, గిక్కా లేదు" అని కసిరేదాన్ని. నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నా నోటికి ఆ పేరు ఎప్పుడూ లేదు. మర్నాడు ఆయాసంతో కూర్చుని రాత్రంతా గడిపితే చూడాల్సింది నేనే కదా. అయినా ఆ "ఒక్క సుక్కమ్మా" వినపడగానే చెంబుతో గబగబా లోపలికి వచ్చేసేదాన్ని.

ఒక సాయంత్రం ఆఫీసునుంచి వచ్చి ఆయన మొహం చూశాను. గుమ్మంవైపే చూస్తున్నాడు, చిన్నప్పుడు నేను ఆయన గ్లాసు కోసం చూసినట్టు. అప్పుడు తట్టింది. బీరువాలోంచి పెద్ద గాజు గ్లాసు తీశాను. రిటైరైనప్పుడు క్లబ్బువాళ్ళు ఇచ్చింది. వెలుతురుకు ఎత్తి చూసి తుడిచాను. ఫ్రిజ్‌లో ఉన్న ఐసు అంతా అంచుదాకా నింపి, సందుల్లోకి కాసిని నీళ్ళు పోసి ఆయన చేతికిచ్చాను. చేతిలో నిండుగా, బరువుగా, చల్లగా ఉంది. నాన్న దాన్ని కిటికీ వైపు ఎత్తి చాలాసేపు చూశాడు. తెలిసిపోయిందనుకున్నాను. తెలియకుండా ఎలా ఉంటుంది, ఆయన కనిపెట్టిన విద్యే ఆయనకు వడ్డిస్తుంటే? మెల్లగా చప్పరిస్తూ తాగాడు. నేను పలకరించకుండా, కదలకుండా నిలబడ్డాను. ఖాళీ గ్లాసు నా చేతికిచ్చి, మెంబర్ల గొంతు పెట్టి "శభాష్, ఆబ్దార్!" అన్నాడు.

ఆ రోజునుంచి అదే మా సాయంత్రం. ఐసు కరిగితే వచ్చే నీళ్ళు కూడా సీసా లెక్కలోంచే తీసేదాన్ని. తులసికుండీ గొడవ తగ్గింది. మూడు నాలుగు రోజులు పోయాక ఆయన గ్లాసు చేత్తో తిప్పుతూ అన్నాడు.

"ఆల్లకి తెల్సు తల్లీ."

"ఎవరికి నాన్నా?"

"క్లబ్బులో బాబులకి. సలవ గ్లాసు సంగతి. నాలిక్కి తెలీకుండా ఉంటాదేటి? నాను మోసం సేత్తన్నాననుకున్నాను. ఆల్లు నా మొకం సూసి ఊరుకున్నారు. ఇప్పుడు నాను ఊరుకున్నట్టే."

అంత వయసులో ఆయనకు ఈ కొత్త సంగతి తెలిసింది. బాధపడతాడేమో అనుకున్నాను. బాధ కాదు, చాలా సంతోషంగా ఉన్నాడు. తన గర్వం ఒకటి పోయి, దాని బదులు ఏదో పెద్దది దొరికినట్టున్నాడు. రాత్రి నిద్రలో కూడా నవ్వుకున్నాడు.

తర్వాత ఎండలు ముదిరాయి. సువర్ణరేఖ నది ఎండి ఇసకగా మిగిలింది. నాన్న మంచం దిగడం మానేశాడు. డాక్టరు ఈసారి నన్ను వరండాలోకి పిలిచి, గొంతు తగ్గించి, "అబ్ జో మాంగే, దే దీజియే" అన్నాడు. ఏదడిగితే అది ఇచ్చెయ్యండి. ఆయన అడిగేది ఒక్కటే కదా.

ఇచ్చేయొచ్చు. కుండ ఎదురుగానే ఉంది. కానీ నాకు చెయ్యి రాలేదు. నిండు గ్లాసు ఇస్తే ఆయనకు వెంటనే తెలిసిపోతుంది, తాను ఏ సాయంత్రంలో ఉన్నాడో. ఐసు ఉన్నన్నాళ్ళూ ఆయన రేపు వచ్చే మెంబరే. నేను ఆ రేపు కోసమే ఐసు నింపుతూ వచ్చాను. నా కూతురు చూసి చూసి, "మా, పూరా దే దో నా" అంది. నిండుగా ఇచ్చెయ్యమ్మా, అని. దాని మీద అరిచాను. తర్వాత వంటింట్లోకి వెళ్ళి ఏడ్చాను. ఆయన వెళ్ళిపోతాడన్నది నాకు పాత సంగతే. నా చేత్తో ఆయనకు ఆ సంగతి చెప్పడం మాత్రం నావల్ల కాలేదు.

ఆ తర్వాత ఒక సాయంత్రం ఆయన పెదవులు పగిలి రక్తం ఊరింది. ఐసు ముక్క తగిలితే మంట పుట్టి మొహం తిప్పేసుకున్నాడు. "నీళ్ళు" అన్నాడు. ఒక్క సుక్క అని కూడా అనలేదు. నేను గ్లాసు తీసుకుని, వెలుతురుకు ఎత్తి చూసి, కుండలోంచి నీళ్ళు ముంచి అంచుదాకా పోశాను. రెండు చేతులా పట్టుకుని తెచ్చాను. తొణికి నా మణికట్టు తడిసింది.

నాన్న గ్లాసును చూశాడు.

"ఐసు మర్సిపోనావేటి?"

"మర్చిపోలేదు నాన్నా."

ఆయన కళ్ళు నా మీదికి వచ్చి అక్కడే ఆగాయి. భయపడతాడనుకున్నాను. చెయ్యి చాపి నా భుజం మీద మెల్లగా తట్టాడు, వెళ్ళిపోయేది నేనన్నట్టు. తల కింద చెయ్యి పెట్టి లేపాను. ఒక గుక్క తాగాడు. కళ్ళు మూసుకుని ఇంకొకటి తాగాడు. ఇన్నాళ్ళ దాహానికి అంతకు మించి లోపలికి పోలేదు. గ్లాసు నావైపు నెట్టాడు.

"సాలమ్మా" అన్నాడు.

గ్లాసు ఇంకా నిండుగానే ఉంది. ఇంకో గుక్క తాగు నాన్నా అని నా నోటిదాకా వచ్చింది. చాలు అన్నది తాగేవాడి మాట, దానికి ఆబ్దారు ఎదురు చెప్పకూడదు. గ్లాసు చేతిలోకి తీసుకుని అలాగే నిలబడ్డాను. నాకు మాత్రం చాలలేదు.