రద్దయిన నియోజకవర్గం, ఆఖరి వేలిముద్ర

జాబితా గుమాస్తాది బతుకంతా ఒకటే పని: ఆ పార్లమెంటు నియోజకవర్గంలో ఓటర్ల జాబితా సరిచూడడం. పట్నం గాలి సోకని నియోజకవర్గం అది, ఎటు చూసినా పొలాలూ పల్లెలే. ఎవరైనా పోయారని తెలిస్తే ఆయన ఆఫీసులో కూర్చుని గీత కొట్టేసేవాడు కాదు. ఆ ఇంటిదాకా నడిచివెళ్ళి, ఇంటివాళ్ళ ఎదుట పేరు పైకి చదివి, అప్పుడు కొట్టేసేవాడు. తోటివాళ్ళు చాటుగా నవ్వుకునేవాళ్ళు. భార్య పోయినప్పుడు కూడా వంటింట్లో కోడలి ఎదుట అలాగే చదివాడు. చదివి, తన చేత్తోనే కొట్టేశాడు.

ఆ ఏడాదే రిటైరయ్యాడు. తర్వాత ఒక ఎన్నిక జరిగింది. ఆపైన పునర్విభజనలో నియోజకవర్గాన్ని మూడు ముక్కలు చేసి మూడు పట్నాలకు అతికించారు.

ఆఖరి ఎంపీ బావమరిది వెతుక్కుంటూ వచ్చాడు. "అన్నయ్యా, మన నియోజకవర్గం చరిత్ర పుస్తకంగా వేస్తున్నాం. నువ్వే రాయాలి. అట్ట మీద నీ పేరే."

గుమాస్తాకి కాళ్ళు నేల మీద ఆనలేదు. అంతవరకూ ఆయన పేరు కనబడింది హాజరుపట్టీలోనే. ఏ ఊరికి ఓట్ల పెట్టెలు ఏ వాగు దాటి వెళ్ళాయో, ఏ ఏడు ఎవరు ఎవరి మీద గెలిచారో, గుర్తున్నదంతా నలభై పేజీలు రాసిచ్చాడు. ఇక ఆఖరి ఎన్నిక ఒక్కటే మిగిలింది.

దానికోసం బావమరిది తన ఆఫీసు గదిలో ఒక గోనెసంచి కుమ్మరించాడు. అన్నీ ఓటర్లు సంతకాలు చేసిన రిజిస్టర్లు.

"ఎన్నికల ఆఫీసులో తగలెయ్యమన్నారు. నీకోసం దాచా."

గుమాస్తా తన ఊరి రిజిస్టరు తీశాడు. పదకొండో పేజీలో ఆయన భార్య ఉంది, తను కొట్టేసిన పేరే మళ్ళీ ఎక్కింది. పేరు పక్కన వేలిముద్ర ఉంది. వీధిలో ఆడవాళ్ళందరికీ పలకా బలపం ఇచ్చి సంతకం నేర్పిన మనిషి ఆవిడ. వేలిముద్ర వేసినవాడు ఆమాత్రం కనుక్కోలేదు. ఆయన ఆ నల్లటి మరక పక్కన వేలు పెట్టి, రిజిస్టరు బావమరిది వైపు తిప్పాడు.

"మీ వదిన ఓటేసింది" అన్నాడు.

బావమరిది వంగి చూసి, పళ్ళికిలించాడు. "వదినకి మామీద అంత అభిమానం అన్నయ్యా. పోయినవాళ్ళతో సుఖమేంటంటే, వాళ్ళు అలగరు."

"ఇలా ఎంతమంది?"

"ఎవడు చూడొచ్చాడు? అయినా నియోజకవర్గమే లేదిప్పుడు. ఎవరి మీద ఎవరికి చెప్పుకుంటావు? పోలింగు తొంభై ఆరు శాతమని రాసెయ్, అంతే."

గుమాస్తా బల్ల మీదున్న తన నలభై పేజీలూ తీసుకుని చంకలో పెట్టుకున్నాడు.

"పుస్తకం ఆగదు అన్నయ్యా. అట్ట మీద పేరు పోగొట్టుకుంటావు."

"నీ పేరు వేసుకో. దీనికి అదే నప్పుతుంది."

పుస్తకం ఆగలేదు. రెండు నెలలకు ఒక ప్రతి ఇంటికే పంపించారు. మామగారు మధ్యాహ్నం భోజనానికి కూర్చుంటే, కోడలు దాన్ని తిరగేస్తూ ఆఖరి పేజీ పైకి చదివింది.

"తొంభై ఆరు శాతమట మావయ్యా. ప్రజల అభిమానానికి ఇదే సాక్ష్యమట."

"ఆ ప్రజల్లో మీ అత్తయ్య కూడా ఉందమ్మా."

కోడలికి అర్థం కావడానికి కాస్త సమయం పట్టింది. ఆలోగా ఆయన కలిపిన ముద్ద కంచంలోనే వదిలేసి చెయ్యి కడుక్కోవడానికి లేచాడు.