పరారుణ కిరణాలు ఎక్కడున్నా స్టేజి దగ్గరకు రావలెను

ముందుగా ఒట్టు. ఇక్కడ రాయబోయే ప్రతి అక్షరమూ నిజం. గోదారి తల్లి సాక్షి. ఇందులో వీసమెత్తు అబద్ధం ఉన్నా, వచ్చే పులసల కాలంలో నా కంచంలోకి ముల్లే తప్ప ముక్క రాకుండు గాక! ఇంతకన్నా పెద్ద ఒట్టు మా వైపు లేదు. నన్నెరిగినవాళ్లు అప్పుడే ముసిముసిగా నవ్వుకుంటూ ఉంటారు. నవ్వుకోనివ్వండి. మనుషుల పేర్లు మాత్రం బయటపెట్టను, మూడు పేర్లు తప్ప. ఆ మూడూ లేకపోతే అసలు ఈ గొడవే లేదు.

ఆ రోజుల్లో, అంటే తొంభైల నడుమ, భీమవరం చుట్టుపక్కల వరిచేలు చూస్తుండగానే రొయ్యల చెరువులైపోతున్న కాలంలో, గాలిలో తరంగాలుంటాయని మావాళ్లకి ఎవరూ పాఠం చెప్పనక్కర్లేదు. ఆదివారం టీవీలో సినిమా వేళకి ఇంటికొకరు డాబా ఎక్కి ఆంటెనా తిప్పుతుంటే, కిందనుంచి "కొంచెం కాలవ వైపు... ఆ, ఆ, అక్కడే... అబ్బ, పోయింది!" అన్న కేకలు ఊరంతా వినిపించేవి. కంటికి కనపడనిదాన్ని కూడా కాస్త మెడ వంచితే ఇంట్లోకి దించుకోవచ్చన్న ధీమా అలా ఏర్పడింది మాకు. అలాంటి ఊళ్లో నేను సైన్సు మాస్టార్ని. బీఎస్సీ ఫిజిక్సు, అప్పుడప్పుడే గట్టిపడుతున్న గడ్డం, తాటాకు షెడ్డులో నడిచే తెలుగు మీడియం ప్రైవేటు బడి. బడి యజమానిని మా వైపు కరస్పాండెంటు గారు అంటారు. మా కరస్పాండెంటు గారు అంతకుముందు రొయ్యల మేత వ్యాపారం చేసిన మనిషి కావడంతో, రొయ్యపిల్లల్నీ బడిపిల్లల్నీ ఒకే కంటితో చూసేవారు. వేళకి మేత పడాలి, ఎవడూ నీళ్లమీద తేలకూడదు, అంతే.

నాకు మాత్రం అప్పుడు ఒకటే ధ్యాస. అరుణ. మా బడి ముందు పారే పంటకాలవకి అవతలి ఊళ్లో చెరువుల మావయ్య గారి పెద్దమ్మాయి. (దూరపు వరసకి మావయ్య. ఎంత దూరమంటే, మా అమ్మ కూడా ఆ చుట్టరికం చెప్పేటప్పుడు మధ్యలో ఒకసారి ఆగి ఊపిరి పీల్చుకునేది.) చిన్నమ్మాయి పేరు కాంతి, ఇంకా గౌన్లు తొడుక్కునే వయసు. అరుణని పెళ్లిళ్లలో పంక్తికి ఈ చివరనుంచి చూడడమే తప్ప ఏనాడూ పలకరించిన పాపాన పోలేదు. మా అమ్మే రాయబారాలు నడిపి నడిపి, వచ్చే ఆదివారం పెళ్లిచూపులకి మావయ్యని ఒప్పించింది. ఆయన పెట్టిన షరతు ఒకటే. "కుర్రాడికి కాస్త తిక్క అంటున్నారక్కా. ఆదివారం దాకా ఏ గొడవా వినపడకుండా ఉంటే చాలు, తాంబూలాలు పుచ్చేసుకుందాం." అంటే, ఒక్క వారం నోరు మూసుకుని కూర్చుంటే అరుణ నాది. ఇంత తేలికైన పరీక్ష లోకంలో ఎవరికీ పెట్టి ఉండరు.

సరిగ్గా ఆ వారమే కరస్పాండెంటు గారికి సైన్సు ఎగ్జిబిషను పెట్టాలని బుద్ధి పుట్టింది. పక్కూళ్లో కొత్తగా ఇంగ్లీషు మీడియం బడి వచ్చి మా పిల్లల్ని వల వేసి లాగుతోంది. "ఏదో ఒకటి భారీగా ఉండాలండి మాస్టారూ, చూసినోడు నోరెళ్లబెట్టాలి" అన్నారు.

"విద్యుదయస్కాంత వర్ణపటం పెడదామండి" అన్నాను.

"పటమా? ఎంత సైజుంటుందండీ?"

"దానికి అంతు లేదండి."

ఆయన కాసేపు ఆలోచించి, "మరీ అంతు లేకపోతే ఫ్రేము దొరకదండి. ఆరడుగులకి కట్టించేద్దాం" అన్నారు. కట్టించేశారు. టేకు చట్రం, అద్దం, నెత్తిన చిన్న ఎర్ర బల్బు. ఒక చివర రేడియో తరంగాలు, మరో చివర గామా కిరణాలు పెట్టి నేను గీసిన చార్టుని అందులో బిగించి, ప్రారంభోత్సవం నాటి పొద్దున దానికి బంతిపూల దండ వేసి అగరొత్తులు వెలిగించారు. ఎవరి తాలూకో ఒక ముసలమ్మ దాని ముందు నిలబడి, కొంగుతో కళ్లొత్తుకుని, "పాపం, ఎలా పోయారు బాబూ?" అని నన్నడిగింది. (విద్యుదయస్కాంత వర్ణపటం గురించి నన్ను అంత ఆర్ద్రంగా అడిగినవాళ్లు మళ్లీ తగల్లేదు.)

ఒక్క పటంతో సరిపెట్టుకుంటే నేను నేనెందుకవుతాను? వర్ణపటాన్ని పిల్లలతో నడిపిస్తానన్నాను. రేడియో తరంగాలు బాగా పొడవు కాబట్టి పదో తరగతిలోని పొడుగు కుర్రాళ్లు కొంగల్లా బారెడు బారెడు అంగలేస్తూ తాపీగా స్టేజి మీదికి రావాలి. వాళ్ల వెనక మైక్రో తరంగాలు, కాస్త చిన్న అంగలతో. ఆ వెనక ముదురెరుపు క్రేపు కాగితాలు చుట్టుకున్న ఎనిమిదో తరగతి మగపిల్లలు, వాళ్లు పరారుణ కిరణాలు. తర్వాత ఏడు రంగుల లంగాల్లో ఆడపిల్లలు, మనకి కనిపించే కాంతి. ఆ వెనక అతినీలలోహితం, చొక్కాల మీద సుద్దతో ఎముకలు గీసుకున్న ఎక్స్ కిరణాలు, అన్నిటికన్నా చివర గామా కిరణాలుగా ఎల్‌కేజీ పిల్లలు. అంగ ఎంత పొట్టిదైతే జోరు అంత ఎక్కువ అన్న ప్రకృతి సూత్రాన్ని వాళ్లకి నేర్పాల్సిన పనే లేకపోయింది. రిహార్సల్సులో గామా కిరణాలు నిజంగానే గోడలోంచి అవతలికి దూసుకుపోయాయి. (తాటాకు గోడే లెండి.)

తీరా జనమంతా కూర్చున్నాక రేడియో తరంగాలు ఎక్కాయి, మైక్రో తరంగాలు ఎక్కాయి, తర్వాత ఖాళీ. పరారుణం లేదు. రోడ్డుమీద పుల్ల ఐసు బండి గంట వినపడిందట, వర్ణపటంలో ఆ ముక్క ముక్కంతా ఊడి బండి వెనకాల పడి పోయింది. ఇక్కడ గామా కిరణాలు ఒకటికి వెళ్లాలని ఏడుపు మొదలుపెట్టాయి. "ఏంటండీ మాస్టారూ, మధ్యలో ఈ గ్యాపేంటండీ? మైకులో పిలవండి!" అని కరస్పాండెంటు గారు చేతులు నలుపుకుంటున్నారు. మైకు సెట్టు కుదిర్చినవాడికి జనం ఎటుంటే అటు కాక, చెట్టు ఎటు ఎక్కడానికి వీలుగా ఉంటే అటు గొట్టం కట్టడం అలవాటు. గొట్టం కొబ్బరి చెట్టెక్కి కాలవ అవతలి ఊరివైపు తిరిగి ఉంది. పైగా ఆ మైకు మాటలో సగం మింగేసి సగమే కక్కేది. నేను గొంతు సవరించుకుని, పుష్కరాల్లో తప్పిపోయినవాళ్లని పిలిచే పద్ధతిలో అందుకున్నాను.

"పరారుణ కిరణాలు... పరారుణ కిరణాలు... ఎక్కడున్నా వెంటనే స్టేజి దగ్గరకు రావలెను. మీ కోసం అందరూ ఎదురుచూస్తున్నారు. మీ వెనకే రావడానికి కాంతి కూడా తయారుగా ఉంది."

కాలవకి ఇవతల అది భౌతికశాస్త్రం. అవతలికి చేరేసరికి మైకు తిన్నది తినగా, గాలి తిన్నది తినగా మిగిలింది ఇదీ: "పరారు... అరుణ, కిరణ్... పరారు... అరుణ, కిరణ్... ఎక్కడున్నా... కాంతి కూడా తయారుగా ఉంది."

కిరణ్ ఎవరో చెప్పలేదు కదూ? మావయ్య ఇంటికి ఎదురు మేడమీద అద్దెకుండే ఐసు ఫ్యాక్టరీ కుర్రాడు. పడుచువాడు, పక్కింటివాళ్లకి కూడా గొంతు తెలియనంత నెమ్మదస్తుడు. అతనికీ అరుణకీ మాటలు సరికదా, చూపులు కూడా లేవు. కానీ ఖర్మ చూడండి, ఆ పూట అతని గదికి తాళం. అరుణ కూడా ఇంట్లో లేదు. భీమవరంలో టైలరు దగ్గరికి వెళ్లింది, ఆదివారం నాకు కనపడడానికి కట్టుకోబోయే చీరమీదికి జాకెట్టు కుట్టించుకోవడానికి!

"ఏవండీ! మైకులో చెప్పేస్తున్నారండీ! చిన్నదాని పేరు కూడా చదివేశారండీ!" అని అత్తయ్య గుండెలు బాదుకుందట. మావయ్య ముందుచూపున్న మనిషి. ముందు కాంతిని ధాన్యం గదిలో పెట్టి తాళం వేశారు (అది అప్పుడు బుద్ధిగా ఎక్కాలు రాసుకుంటోంది), తర్వాత చెరువుల కాపలావాళ్లని వెంటేసుకుని మోటారు సైకిళ్ల మీద భీమవరం బయల్దేరారు. ఐసు ఫ్యాక్టరీలో కిరణ్ దొరికాడు, దిమ్మని కొక్కెంతో లాగుతూ.

"ఎక్కడ్రా మా అమ్మాయి?"

"ఏ అమ్మాయండీ?"

"ఒరేయ్, అసలు ఎంతమందిని లేపుకుపోయావురా!"

తర్వాత టైలరు షాపులో అరుణ దొరికింది. కూతుర్ని కాపలావాళ్ల వెనక బండిమీద కూర్చోబెట్టడానికి మావయ్యకి మనసొప్పలేదు. కిరణ్‌ని వదిలితే పరారవుతాడని అనుమానం. అందుకని ఇద్దర్నీ ఐసు వ్యాను వెనక ఎక్కించి, తను ముందు డ్రైవరు పక్కన కూర్చున్నారు. దారిలో రైల్వే గేటు పడింది. ఆ గేటు పడిందంటే గూడ్సు పోవాలి, ఎదురు ప్యాసింజరు పోవాలి, ఆపైన గేటుమన్ మనసు కరగాలి. అంతసేపూ వెనక, ఊకతో కప్పిన ఐసు దిమ్మల మధ్య, ఆ ఇద్దరే. మొదట మాట్లాడింది అరుణేనట. (కిరణే తర్వాత నాతో చెప్పాడు, మంచివాడు.)

"మీతో నేను లేచిపోయానంటండి."

"అలాగే అంటున్నారండి. మీ పేరేంటండీ?"

వ్యాను తిన్నగా మా స్టేజి దగ్గరికే వచ్చి ఆగింది. "మైకులో కూసిందెవడ్రా?" అంటూ మావయ్య దిగారు. పరారుణాన్ని పిలిచి పిలిచి మైకు ఇంకా నా చేతిలోనే ఉంది, పనిచేస్తూనే ఉంది, కాబట్టి ఆ తర్వాతి సంభాషణంతా రెండూళ్లూ విన్నాయి.

"నేనే మావయ్యా. పరారుణ గురించి..."

"అరుణ సంగతి నీకెప్పట్నుంచి తెలుసు?"

"డిగ్రీ రెండో ఏడునుంచీ తెలుసు మావయ్యా."

"అన్నాళ్ల నుంచా! మరి మా కంట పడలేదే?"

"కంటికి కనపడదు మావయ్యా. దగ్గరికెళ్తే వెచ్చగా తగులుతుంది, అంతే."

మావయ్య గుండె పట్టుకుని కుర్చీలో కూలబడ్డారు. "మరి... ఎవరు కనిపెట్టారు?"

"ఎవరో దొర, ఇంగ్లండులో, థర్మామీటరు పెట్టి."

"దొరలదాకా పాకిపోయిందీ!"

అప్పుడొచ్చారండి పరారుణ కిరణాలు, బండి వెనకే పక్కూరిదాకా పోయి, ఎర్రటి నాలుకలు చాపుకుంటూ, చేతుల్లో ఐసు పుల్లలతో. "సార్, పరారుణం వచ్చేసిందండి, ఎక్కెయ్యమంటారా?" మావయ్య వాళ్లని చూశారు, దండ వేసిన పటాన్ని చూశారు, వేలుపెట్టి నా రాతని అక్షరం అక్షరం కూడబలుక్కున్నారు. చిన్నగా ఆయన ముఖంలో రక్తం తిరిగొచ్చింది. నా ప్రాణమూ తిరిగొచ్చింది. కానీ ఈలోగా పడవ కట్టుకుని అవతలి ఊరు ఊరంతా దిగిపోయింది. వాళ్ల పెద్దాయనొకరు గొంతు తగ్గించి, "చూడు బావా, మైకులో ఒకసారి చదివేశారు. ఇప్పుడు లేదని మళ్లీ చదివిస్తే, అదిగో, ఏదో ఉందనే అంటారు" అన్నారు.

మావయ్య కూతురివైపు తిరిగారు. "నువ్వు చెప్పమ్మా."

ఊపిరి బిగబట్టిన జనంలో అందరికన్నా గట్టిగా బిగబట్టింది నేనే. అరుణ భుజంమీద అంటుకున్న ఊకని మెల్లిగా దులుపుకుంది.

"నేనెవరితోనూ పారిపోలేదు నాన్నా" అంది. దేవుడున్నాడనుకున్నాను. "కానీ ఆదివారం పెళ్లిచూపులు ఇంక వద్దులే. గేటు దగ్గర అయిపోయాయి."

కిరణ్ చలికో సిగ్గుకో గజగజలాడుతూ, "మావాళ్లని రమ్మని కబురెడతానండి" అన్నాడు. ఎవరో చప్పట్లు కొట్టారు. అది తమకి పిలుపనుకుని గామా కిరణాలు స్టేజి మీదినుంచి, నా కాళ్లమధ్యనుంచి, మావయ్య కుర్చీ కిందనుంచి దూసుకుపోయాయి. కరస్పాండెంటు గారు నా చేతిలోంచి మైకు లాక్కుని, "అదీ మా బడి సైన్సు! అడ్మిషన్లు జరుగుచున్నవి!" అని ప్రకటించారు. ధాన్యం గదిలో ఉన్న కాంతి సంగతి పొద్దుగూకాక గాని ఎవరికీ గుర్తు రాలేదు. అప్పటికది ఆ ఏడాది ఎక్కాలన్నీ పూర్తిచేసేసిందట.

మాఘమాసంలో పెళ్లి. నాకు 'పరారు మాస్టారు' అని పేరు స్థిరపడిపోయింది. మా బడి తెలుగు మాస్టారైతే ఓదారుస్తున్నట్టు మొహం పెట్టి, "ఏం చేస్తామండీ, పర ప్లస్ అరుణ, సవర్ణదీర్ఘ సంధి. పరాయివాడి అరుణ అని ముందే పాఠంలో ఉంది, మీరే సరిగా చదువుకోలేదు" అన్నారు. పెళ్లికి నన్నూ పిలిచారు, మర్యాదకి లోటు లేదు. మైకు సెట్టు వాడి పక్కన మాత్రం ఒక కాపలామనిషిని నిలబెట్టారు. అక్షింతలు వేయడానికి దగ్గరికెళ్తే, అరుణ తల కొంచెం ఎత్తి, ఎవరికీ వినపడకుండా, "బావా, ఆ అతినీల తర్వాత లోహిత అని ఎవరో ఉందటగా, ఆవిడనైనా చూసుకోకపోయావా?" అంది. నేను నవ్వాపుకోలేక అక్షింతలన్నీ పురోహితుడి మీద వేసేశాను.

సరే, ఒట్టు పెట్టుకున్నాను కనక చెప్పేస్తాను. ఇందులో ఒకటి కల్పితం. మీరు అనుకుంటున్నవేవీ కాదు. పటానికి దండ వేసిన మాట నిజం, ముసలమ్మ ఏడ్చిన మాట నిజం, గేటు పడిన మాట నిజం. ఆ లోహిత మాటే నేను కల్పించాను. అరుణ ఆ పూట తల ఎత్తలేదు. అక్షింతలు వేసినవాడెవడో కూడా గమనించి ఉండదు. ఆ మాట నేను నలుగురిలో చెప్పగా చెప్పగా ఏళ్లమీద తయారైంది. మొదట 'మాస్టారూ' అనిపించాను, వాళ్ల పెళ్లైన కొన్నేళ్లకి ధైర్యం చేసి 'బావా' అనిపించాను. నెత్తి నెరిసిన మనిషిని, ఇప్పుడైనా కొట్టేద్దామని కలం తీశాను గాని చెయ్యి రాలేదు. ఇంత కథలోనూ అరుణ నాతో మాట్లాడిన మాట అదొక్కటే.