ఇరవై మూడు దిగ్విజయాలు

ఐర్లండ్‌లోని గాల్వేలో మా అమ్మాయి ఇంటి పక్కన ఒక పెద్దాయన ఉంటారు. నాకంటే నాలుగేళ్లు పెద్ద. యౌవనంలో అమెరికా వెళ్లి, బ్లూస్ బాణీలో రాక్ సంగీతం వాయించే ఒక బృందంలో బేస్ గిటార్ పట్టుకున్నారు. ఆ బృందం ఆయుర్దాయం పదిహేడు నెలలు. దాని చరిత్రను నన్ను రాయమన్నారు. జిల్లా గణాంక శాఖలో ముప్పై నాలుగేళ్లు పనిచేసినవాడికి అతిశయోక్తి చేతకాదని ఆయన నమ్మకం.

"ఆదివారం మా అమ్మాయి కాజిల్‌బార్ నుంచి వస్తుంది. తన మూడో ఏట వదిలేసి వెళ్లాను. అక్కడ ఏం వెలగబెట్టానో ఇన్నేళ్లలో నేను చెప్పలేదు, తను అడగలేదు. మీరు చదివి వినిపించండి. నేను చెబితే నమ్మదు," అన్నారు.

ఆధారాలన్నీ ఒక బిస్కెట్ల డబ్బాలో ఉన్నాయి. కచేరీల కరపత్రాలు ఇరవై మూడు, రికార్డు అట్ట ఒకటి, విమానం టిక్కెట్టు ఒకటి. టిక్కెట్టుకు సంగీతంతో సంబంధం లేదు కనుక పక్కన పెట్టాను. కరపత్రాలకు వరుస సంఖ్యలు వేసి, ఒక్కో కచేరీ ఎలా జరిగిందని అడిగాను.

"గ్రాండ్," అన్నారు.

"ఎంతమంది వచ్చారు?"

"లెక్కపెట్టాల్సిన పని పడలేదు."

అసంఖ్యాకులు అని రాసుకున్నాను. మా వైపు పెళ్లి గ్రాండ్‌గా జరిగిందంటే బాజాభజంత్రీలు, మూడు రకాల మిఠాయిలు ఉన్నట్టు లెక్క. కనుక గ్రాండ్ అన్న ప్రతిచోటా దిగ్విజయం అన్నాను. ఇరవై మూడుకు ఇరవై మూడు! ఇంత నిలకడైన దత్తాంశాన్ని సర్వీసులో ఎన్నడూ చూడలేదు. అనుమానించవలసింది పోయి ఆనందించాను.

ఆదివారం ఆయన ముందుగదిలో మా అమ్మాయితో కలిపి నలుగురం కూర్చున్నాం. ఏడో దిగ్విజయం దగ్గర పెద్దాయన టీ కప్పులోకి చూడసాగారు. పన్నెండో దాని దగ్గర ఆయన కూతురు కప్పు కింద పెట్టేసింది. నేను ఆగలేదు.

చివరికి ఆమే అంది: "అంత వైభోగం వదులుకుని ఇక్కడికెందుకు వచ్చారు డాడీ? వాన కోసమా?"

"లేదులే, గ్రాండ్‌గానే ఉండేది," అని గొణిగారాయన.

మా అమ్మాయి నర్సు. నా మోచెయ్యి గిల్లి తెలుగులో అంది: "నాన్నా, ఇక్కడ గ్రాండ్ అంటే పర్లేదు అని! మా వార్డులో కాలు విరిగినోడు కూడా గ్రాండ్ అనే అంటాడు."

లేచి నిలబడి సవరణ ప్రకటించాను: దిగ్విజయం అన్నచోటల్లా పరవాలేదు అని గ్రహించగలరు. అసంఖ్యాకుల సంగతి మళ్లీ అడిగాను.

"మహా అయితే పదకొండు మంది. ఆఖరి రోజు నలుగురు. అందులో ఇద్దరు వాన తగ్గేదాకా నిలబడ్డారు," అన్నారు పెద్దాయన.

ఆమె నవ్వలేదు. "అంటే అక్కడ చెల్లక ఇంటికొచ్చారన్నమాట."

ఆధారం కోసం డబ్బా తెరిచి, నేను లెక్కలోకి తీసుకోని టిక్కెట్టు తీశాను. దాని మీద కొన్న తేదీ ఉంది. రికార్డు విడుదల కచేరీ కరపత్రం పక్కన పెట్టి చూశాను. కచేరీ అయిన మూడో రోజున కొన్నది. బృందానికి అప్పటికింకా ఏడు నెలల ఆయువు ఉంది. ప్రయాణం తేదీ చదివి వినిపించాను.

ఆమె టిక్కెట్టు అందుకుని తేదీ చూసింది. "మర్నాడే నేను స్కూల్లో చేరింది," అంది.

"అందుకే ఆ రోజుకి కొన్నాను," అన్నారాయన. "నేను వచ్చేశాక మిగతావాళ్లు ఇంకో బేస్ గిటార్ వాడిని వెతుక్కోలేదు. బద్ధకస్తులు."

ఈసారి ఆమె నవ్వింది.

మర్నాడు డబ్బాలోని వస్తువులను జాబితాతో సరిచూశాను. కరపత్రాలు ఇరవై మూడు, రికార్డు అట్ట ఒకటి. టిక్కెట్టు లేదు, కాజిల్‌బార్ వెళ్లిపోయింది. గోడ మీదుగా పెద్దాయనను ఎలా ఉన్నారని పలకరించాను.

"గ్రాండ్," అన్నారు.

దిగ్విజయం అనే రాసుకున్నాను.