ఏడుసార్లు కడిగిన బాన

నాలుకక్కను మేడమీది గదిలో కుర్చీ వేసి కూర్చోబెట్టడం ఇరవై రెండేళ్ళలో అదే మొదటిసారి. మా సబ్బుల ఫ్యాక్టరీలో సబ్బు ఉడికించే బాన దగ్గర పనిచేసేవాళ్ళు ఆ గదికి వెళ్ళడమే అరుదు. వెళ్ళినా తలుపు దగ్గర నిలబడి చెప్పింది విని వచ్చేయడమే. అలాంటిది ఆ రోజు ముందు వరుసలో మెత్తటి కుర్చీ, చేతికి మంచినీళ్ళ సీసా. స్టోర్స్‌లో గుమాస్తాని కాబట్టి నేను వెనక గోడకి ఆనుకుని నిలబడ్డాను. ఎందుకబ్బా ఇంత మర్యాద అనుకున్నాను. ఇప్పుడు తలుచుకుంటే ఒళ్ళు మండుతుంది.

గోడ మీద తెర దించారు. ఎక్కడినుంచో పిలిపించిన సలహాదారు మొదలుపెట్టాడు. ప్రపంచంలో ఇవాళ ప్రతి నలుగురిలో ఒకరు ముస్లిమే అన్నాడు. మిగతావాళ్ళకంటే వేగంగా పెరుగుతున్నారన్నాడు. అందులోనూ కుర్రకారు ఎక్కువట. చదువుకుంటున్నారు, సంపాదిస్తున్నారు, కొత్త కాపురాలు పెడుతున్నారు. తిండి దగ్గర్నుంచి ముఖానికి రాసుకునే క్రీము దాకా, బ్యాంకు ఖాతా దాకా, తమ ధర్మానికి సరిపడేదే కావాలని వెతుక్కుంటున్నారు. ఒక్కో మాటకీ తెర మీద ఎర్ర గీత ఒకటి పైకి లేస్తూ వచ్చింది. "ఇంతమంది స్నానం చేయరా సార్? వాళ్ళ కోసమని మనం చేస్తున్న సబ్బు ఒక్కటైనా ఉందా?" అని అడిగాడు. మా యజమాని చిన్నబాబు ఆ గీత వంక చూసి లొట్టలేశాడు. తర్వాత అందరూ నాలుకక్క వైపు తిరిగి చప్పట్లు కొట్టారు, ఆ గీతలో ఉన్న జనాన్నంతా ఆవిడొక్కతే కన్నట్టు.

కన్నది ఒక్క కూతుర్ని.

ఆ చప్పట్లు కొట్టిన చేతుల్ని నేనెరుగుదును. కాన్పుకి సెలవడిగితే, "ఇప్పుడిస్తే ఏటేటా ఇవ్వాల్సొస్తుందేమోనమ్మా" అని పళ్ళికిలించిన ప్యాకింగ్ మేస్త్రీ మూడో వరుసలోనే ఉన్నాడు. మధ్యాహ్నం భోజనాల దగ్గర, "నీకేంటక్కా, ఇంట్లో డజనుమంది ఉంటారు, వండీ వండీ చేతులు పడిపోవాలి" అని ఒకసారి ఎవరో అన్నారు. ఎవరో అంటున్నానుగానీ అన్నది నేనే. ఇల్లు అద్దెకి అడిగితే, "ముగ్గురని చెప్పి పదిమంది దిగుతారు మీవాళ్ళు" అని మూడుచోట్ల ఆమె ముఖం మీదే తలుపు వేశారు. ఉన్నది ఆమె, బస్సు నడిపే మొగుడు, కూతురు. రెండు గదుల ఇల్లు. కూతురు చదువుకునేటప్పుడు తండ్రి వంటింట్లో కూర్చుని రేడియో చెవికి ఆనించుకుని వినేవాడు. అదీ వాళ్ళ జనసముద్రం.

ఆ రోజు మెట్లు దిగుతూ, "ఇన్నాళ్ళూ మేం తినే నోళ్ళం, ఇవాళ్టినుంచి కొనే చేతులం" అంది. నవ్వుతూనే అంది. ఆమెకు సంతోషంగానే ఉంది. అనుమానం లేకుండా తనవాళ్ళు వాడుకునే సబ్బు తన చేతుల మీదుగా రాబోతోంది. పొట్లం మీద ఆమె ఫొటో వేస్తామన్నారు. కెమిస్ట్రీ చదివి ఏడాదిగా ఉద్యోగం కోసం తిరుగుతున్న కూతురికి మా ల్యాబ్‌లోనే పని ఇస్తామన్నారు. బదులుగా ఆమె చేయాల్సింది ఒక్కటే. తర్వాతి బుధవారం హలాల్ ముద్ర ఇచ్చే సంస్థ నుంచి తనిఖీదారు వస్తాడు. ఆయన ముందు నిలబడి, "నా బానలో పంది కొవ్వు ఎన్నడూ పడలేదు" అని చెప్పాలి.

"చెప్పడానికేముందే, నిజమేగా" అంది నాతో.

ఆమెకి ఆ పేరెందుకొచ్చిందో చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. మాది పాతకాలపు పద్ధతి. మనిషి ఎత్తున్న ఇనప బానలో నూనెలూ కొవ్వూ పోసి, కాస్టిక్ సోడా నీళ్ళు కలిపి, ఆవిరి పెట్టి ఉడికిస్తారు. కాస్టిక్ ఎక్కువైతే చర్మం కాలిపోతుంది, తక్కువైతే సబ్బు జిడ్డుగా మిగిలిపోతుంది. ల్యాబ్‌వాళ్ళు పరీక్ష చేసి చెప్పేసరికి అరగంట. నాలుకక్క అరనిమిషంలో చెప్పేది. చెక్క గరిటె కొసతో చిటికెడు తీసి, ఊది చల్లార్చి, నాలుక కొసకి తాకించేది. గట్టిగా చురుక్కుమంటే ఇంకా ఉడకాలి. చప్పగా ఉంటే కాస్టిక్ చాల్లేదు. సన్నగా తగిలితే సరిపోయినట్టు. తుపుక్కున ఉమ్మి, "ఇంకో పది నిమిషాలు" అనేది. రోజుకి ఆరేడుసార్లు. ఒక్కసారి కూడా తప్పలేదు.

పనిలో చేరేరోజే ఈ పద్ధతి చూసి ఆమె వెనక్కి తగ్గింది. చిన్నబాబు తండ్రిని మేం పెద్దాయన అనేవాళ్ళం. ఆయన దగ్గరికి తిన్నగా వెళ్ళి, "అయ్యా, పంది కొవ్వు వాడేట్టయితే నాకీ పని వద్దు, నోట్లో పెట్టుకోవాలి నేను" అంది. "నేనున్నన్నాళ్ళూ నీ బానలోకి రాదమ్మా" అన్నాడాయన. అన్నమాట మీద నిలబడ్డాడు కూడా. గొర్రె కొవ్వు, కొబ్బరినూనె, పామాయిలు, అంతే. తొమ్మిదేళ్ళ కిందట ఆయన పోయాడు.

ఇక నా సంగతి. సోమవారం పొద్దున్నే చిన్నబాబు నన్ను పిలిచాడు. తనిఖీదారుకి చూపించడానికి సరుకు కాగితాల ఫైలు తయారుచేయమన్నాడు. "ఈ నాలుగు నెలలవి చాలు. పాతవి కట్టగట్టి అటక మీద పడెయ్" అన్నాడు. ముద్ర కోసమని ముందే చూసుకున్నారేమో, ఈ నాలుగు నెలలుగా వస్తున్నవన్నీ చెట్ల నూనెలు. అంతకుముందు ఎనిమిదేళ్ళపాటు వచ్చిన పీపాల బిల్లుల మీద "కలగలుపు జంతు కొవ్వు" అని ఉండేది. చవక సరుకు. మొదటి లోడు వచ్చినప్పుడు దాంతో వచ్చిన కాగితం నేను చదివాను. అడుగున చిన్న అక్షరాల్లో ఏయే జంతువుదో ఉంది. పంది అని ఉంది. చదవలేదని అబద్ధం చెప్పను. చదివాను, ముద్ర కొట్టాను, పీపాలు లోపలికి పంపాను. అక్కకి చెప్పాలని అప్పుడు తట్టిందా లేదా అని నన్ను నేను చాలాసార్లు అడిగాను. తట్టింది. పైవాళ్ళ వ్యవహారం నాకెందుకులే అనుకున్నాను. ఎనిమిదేళ్ళు అలాగే అనుకున్నాను.

ఆ మధ్యాహ్నం భోజనాల బల్ల దగ్గర చెప్పేశాను. ఆమె డబ్బా మూత తీయబోతూ ఆగింది.

"ఎన్నాళ్ళనుంచి?"

"ఎనిమిదేళ్ళు."

లేచి కుళాయి దగ్గరికి వెళ్ళింది. నోరు కడుక్కుంది. మళ్ళీ కడుక్కుంది. వేలితో నాలుక తోముకుంది, వాంతయ్యేదాకా. వరుసలో నిలబడ్డవాళ్ళు ఏమైందేమైందని అడుగుతున్నా వినిపించుకోలేదు. తర్వాత కొంగుతో మూతి తుడుచుకుని మేడమెట్లు ఎక్కింది. నేనూ వెనకే వెళ్ళాను.

చిన్నబాబు మొదట నావైపు కొరకొర చూశాడు. తర్వాత నవ్వు తెచ్చుకున్నాడు. "చూడక్కా, మాట ఇచ్చింది నాన్న. నేను నీకే మాటా ఇవ్వలేదు కదా?"

అరికాలి మంట నెత్తికెక్కింది నాకు. ఆమె గొంతు మాత్రం పెరగలేదు.

"ఇవ్వలేదు బాబూ. రోజూ బాన దగ్గరికి వచ్చేవాడివా, లేదా?"

"వచ్చేవాణ్ణి."

"నేను నాలుక మీద పెట్టుకోవడం చూశావా, లేదా?"

చిన్నబాబు వ్యాపారం గురించి ఎత్తుకున్నాడు. అప్పట్లో ఫ్యాక్టరీ మూతపడే స్థితిలో ఉందట. ఆ చవక సరుకే నూటఎనభైమందికి అన్నం పెట్టిందట. "అయిందేదో అయింది. ఇప్పుడు బానలో ఆ కొవ్వు లేదు కదా. ఆ రోజు తెర మీద చూశావుగా, ఎంతమంది జనం! మీవాళ్ళకే కదా మంచి సబ్బు చేద్దామంటున్నది? అమ్మాయికి ఒకటో తారీకు నుంచే ఉద్యోగం. నువ్వా ఒక్క మాట చెప్పు."

"చెప్పను. నువ్వే నాకొక మాట చెప్పు. ఆ తెర దించిన గదిలోనే, చప్పట్లు కొట్టినవాళ్ళందరి ముందూ, జరిగింది చెప్పి తప్పయిందను. నాకింకేం వద్దు."

"తప్పయిందంటే రేపు కోర్టుల్లో పట్టుకుంటారక్కా. వకీలు ఒప్పుకోడు."

కోట్లమందికి ఒంటి సబ్బు అమ్మడానికి తయారైనవాడికి, ఎదురుగా నిలబడ్డ ఒక్క మనిషికి ఒక్క మాట చెప్పడానికి వకీలు కావలసొచ్చాడు. నాకా క్షణంలో బల్లమీది పేపర్‌వెయిట్ తీసి విసరాలనిపించింది. విసరలేదు. మెట్లు దిగి వచ్చాక మాత్రం కనపడినవాళ్ళందరి దగ్గరా వాణ్ణి తిట్టాను.

ఆ సాయంత్రం అక్క ఇంట్లో ఇంకో యుద్ధం. కూతురు మొదట తల్లితోపాటు ఏడ్చింది. ఉద్యోగం పోతుందని అర్థమయ్యాక తిరగబడింది. "తెలియక జరిగినదానికి నీకేం పాపం లేదు. ఆయన ఒక్క మాట అనకపోతే కొంప మునిగిందా? నేనింకెన్ని ఆఫీసుల మెట్లెక్కాలి? నా పేరు చూసి దరఖాస్తు పక్కన పడేస్తున్నారని నీకు తెలియదా?" అంది. నేను అక్కడే ఉన్నాను. ఆ పిల్ల అన్నదాంట్లో అబద్ధమేం లేదు. నాలుకక్క కూతురి తల దువ్వబోతే అది చెయ్యి తోసేసింది.

బుధవారం తనిఖీదారు వచ్చాడు. మెత్తటి మనిషి, అరవై దాటినవాడు. చిన్నబాబు పక్కనే నిలబడి ఉండగా నాలుకక్క ఉన్నదున్నట్టు చెప్పేసింది. నేను అటక మీది కట్ట దించి ఆయన చేతిలో పెట్టాను. ఫ్యాక్టరీ గుండె ఆగినంత పనయింది. ఆయన కాగితాలన్నీ తిరగేసి, రాసుకుని, నిట్టూర్చాడు. గొట్టాలు మార్చాలన్నాడు. పంది తగిలింది కాబట్టి తమ ధర్మం ప్రకారం బానని ఏడుసార్లు కడగాలి, అందులో ఒకసారి మన్ను కలిపిన నీళ్ళతో కడగాలి, వారం తర్వాత తానే వచ్చి దగ్గరుండి చేయిస్తానన్నాడు. ఆ తర్వాత ముద్ర ఇవ్వడానికి తమకు అభ్యంతరం లేదన్నాడు. చిన్నబాబు ముఖం చేటంత అయింది. దీనికా నేనింత భయపడింది అన్నట్టు చూశాడు.

"నీకు తెలియదు కాబట్టి నీ మీద దోషం లేదమ్మా" అన్నాడాయన అక్కతో.

"నా దోషం సంగతి నేనూ దేవుడూ చూసుకుంటామండీ. ఈయన దోషం సంగతి?"

"అది మా పరిధిలోది కాదమ్మా" అన్నాడు పాపం, నిజంగా బాధపడుతూ.

వారం తర్వాత బాన కడిగారు. ఫొటోలవాణ్ణి పిలిపించారు. తెల్ల టోపీలు పెట్టుకుని అందరూ చుట్టూ నిలబడ్డారు. ఒక్కో కడుగుకీ లెక్క పైకి చెప్పారు. ఏడు అనగానే చప్పట్లు. ఆ చప్పట్లు ఆగాక నాలుకక్క ముందుకొచ్చింది.

"బాన శుభ్రమైంది బాబూ. ఇప్పుడైనా చెబుతావా?"

"ఇది దానికి సమయం కాదక్కా" అని చిన్నబాబు ఫొటోలవాడి వైపు తిరిగాడు. వెనకనుంచి మేస్త్రీ, "పని ఊడలేదుగా, ఇంకేం కావాలట ఈవిడకి?" అని గొణిగాడు. ఎవరూ అతన్ని నోర్ముయ్యమనలేదు.

సబ్బు బ్రహ్మాండంగా అమ్ముడుపోతోంది. సలహాదారు గీసిన గీత తప్పు కాదు. ఓడల్లో వెళుతోంది, కొత్తగా అరవైమందిని పనిలోకి తీసుకున్నారు. పొట్లం మీద ఎవరో మోడల్ పిల్ల, తలకి చక్కగా గుడ్డ చుట్టుకుని నవ్వుతూ ఉంటుంది. ల్యాబ్ ఉద్యోగం వేరెవరికో ఇచ్చారు.

బాన కడిగిన రోజు సాయంత్రమే నాలుకక్క తన అలమారా ఖాళీ చేసింది. రబ్బరు బూట్లు, రెండు ఆప్రాన్లు, అరిగిపోయిన చెక్క గరిటె సంచిలో వేసుకుంది. గేటు దాకా నేను వెంట నడిచాను. నడుస్తున్నంతసేపూ నా నోరు ఆగలేదు.

"ఒక్క మాటక్కా! తప్పయింది అంటే వాడి నోట్లోంచి ముత్యాలు రాలిపోతాయా? ఎంత పొగరు, ఎంత కావరం! నీ కాళ్ళు పట్టుకోవాల్సినవాడు..."

ఆమె ఆగింది.

"వాడు అనలేదు సరే. నువ్వన్నావా?"

అన్నాననే అనుకున్నాను. నిజం చెప్పింది నేను, వెంట మెట్లెక్కింది నేను, పాత కట్ట దించి ఇచ్చింది నేను, పదిరోజులుగా వాణ్ణి నోరారా తిడుతున్నది నేను. ఇంత చేసి కూడా ఆ ఒక్క మాట నేను అనలేదన్నది నాకు తట్టనేలేదు. ఆమె మాత్రం పదిరోజులూ ఎదురుచూసినట్టుంది.

"తప్పయిందక్కా" అన్నాను. అక్కడితో ఆపి ఉంటే బాగుండేది. "కానీ నేను మామూలు గుమాస్తాని. కాగితానికి ముద్ర కొట్టడం తప్ప నా చేతిలో..."

'కానీ' అన్నప్పుడే ఆమె ముఖం తిప్పేసుకుంది. సంచి ఆ భుజం మీదనుంచి ఈ భుజానికి మార్చుకుని, గేటు దాటి, బస్సుస్టాపు వైపు నడిచింది. నేనా వాక్యం చివరిదాకా చెప్పాను. వినడానికి గేటు తప్ప ఎవరూ లేరు.