బ్యాంకు నడుమ టిష్యూ ప్యాకెట్

ఐటీ మంచి ఊపు మీదున్న రోజుల్లో సింగపూర్‌లో నేనొక బ్యాంకును ఒకే ఒక్క మీట నొక్కి మాయం చేశాను. కంగారుపడకండి, అసలు బ్యాంకు కాదు, దాని కంప్యూటర్ల బొమ్మ. అయినా నా ఉద్యోగం వేలాడుతున్నది ఆ బొమ్మకే!

క్లౌడ్‌లో ఏ సర్వర్ ఎక్కడుండాలో బ్రౌజర్‌లోనే డబ్బాలుగా గీసే టూల్ అది. టీమంతా ఒకే బొమ్మ మీద గీయొచ్చు. తంటా అక్కడే. నేను ఖాళీ వదిలిన చోటల్లా మా రవి తన డబ్బాలు తెచ్చి దించేవాడు. మా పేట బుకిట్ బటోక్ లైబ్రరీలో క్లౌడ్ డిజైన్ మీద దిండంత పుస్తకం చదివినవాణ్ణి నేను. రేపటి అవసరాలకు చోటుంచాలని నాకు తెలుసు, వాడికేం తెలుసు?

అందుకే ఇక్కడి తిండి అంగళ్ల హాకర్ సెంటర్‌లో టిష్యూ ప్యాకెట్ పెట్టి టేబుల్ ‘చోప్’ చేసినట్టు, అంటే ముందే ఆపుకున్నట్టు, బొమ్మ నడుమ ఒక డబ్బా పెట్టి ‘టిష్యూ ప్యాకెట్’ అని రాశాను. రవి కదపకుండా తాళం కూడా వేశాను. తర్వాత శుభ్రంగా మరిచిపోయాను.

రాఫెల్స్ ప్లేస్‌లో మీటింగ్. బ్యాంకు తరఫున వచ్చిన తెల్లజుట్టు అంకుల్ సరేనంటే నా ఉద్యోగం పర్మనెంట్. ఆయన తెర వైపు వేలు చూపించి, సింగపూర్ అలవాటుగా మాట చివర ‘లా’ తగిలిస్తూ అడిగాడు.

“ఈ టిష్యూ ప్యాకెట్ ఏం పని చేస్తుంది లా?”

మా మేనేజర్ శైలజ గారు నా వైపు తిరిగారు. “వంశీ, ఏంటయ్యా ఇది?”

“రవి రాకుండా చోప్ చేశానండీ.”

“బ్యాంకులోనా? తియ్ ముందు!”

డిలీట్ నొక్కాను. తాళం కదా, పోలేదు. మౌస్‌తో చుట్టూ గీత గీసి పట్టుకుందామనుకుంటే, తొందరలో బ్యాంకంతా చిక్కింది. మళ్లీ డిలీట్. తెర తెల్లబోయింది. పందిరి ఎగిరిపోయినా కుర్చీ వదలని పెళ్లిపెద్దలా, నడుమ టిష్యూ ప్యాకెట్ ఒక్కటే మిగిలింది!

“శభాష్ రా, ఇప్పుడు కావలసినంత ఖాళీ!” అన్నాడు రవి.

శైలజ గారు పరుగున వచ్చి అన్‌డూ నొక్కారు. బ్యాంకు తిరిగొచ్చింది. అంకుల్ నవ్వి నవ్వి కళ్లు తుడుచుకున్నాడు. “బ్యాంకు పోయినా చోప్ చేసిన చోటు పోలేదు. గట్టి సెక్యూరిటీ లా! ఆ డబ్బా తీసెయ్యండి, డిజైన్ ఓకే.”

మర్నాడు పర్మనెంట్ ఉద్యోగి హోదాలో ఛాతీ విరుచుకుని నా సీటు దగ్గరికెళ్లాను. అందులో రవి.

“లెయ్ రా, నా సీటు!”

“టిష్యూ పెట్టావా?”

నా లైబ్రరీ కార్డు మీద ఒట్టు, ఇకపై ఏ బ్యాంకు నడుమా టిష్యూ ప్యాకెట్ పెట్టను. కుర్చీ మీద మాత్రం రోజూ పెడుతున్నాను.